వధువుకు యుద్ధవిధి: యూదు ధర్మశాస్త్రంలో ఒక విచారణ

యుద్ధకాలంలో స్త్రీ ఆయుధం ధరించవచ్చునా అన్న ప్రశ్నను హలాఖా, అనగా యూదు ధర్మశాస్త్రం, ప్రధానంగా విధినిషేధాల దృష్టితో విచారించింది. క్రీ.శ. 200 ప్రాంతంలో సంకలితమైన మిష్నా అనే స్మృతిగ్రంథం, రాజు చేసే ఐచ్ఛిక యుద్ధాన్నీ, ధర్మం ఆజ్ఞాపించే విధియుద్ధాన్నీ వేరుపరచింది. కొత్త ఇల్లు కట్టి అందులో కాపురం పెట్టనివాడు, ద్రాక్షతోట నాటి ఫలం అనుభవించనివాడు, వివాహం నిశ్చయమైనవాడు, భయస్థుడు ఇంటికి మరలిపోవచ్చునని యూదుల మూలధర్మగ్రంథమైన తోరాలోని ద్వితీయోపదేశకాండం ఇచ్చిన మినహాయింపులు ఐచ్ఛిక యుద్ధానికే వర్తిస్తాయనీ, విధియుద్ధంలో వరుడు తన గదినీ, వధువు తన పెండ్లిపందిరినీ విడిచి బయలుదేరవలసిందేననీ ఆ గ్రంథం శాసించింది. 12వ శతాబ్దపు తత్త్వవేత్త మైమోనిడీస్ ఈ నియమాన్ని తన ధర్మసంహితలో చేర్చి, దండెత్తివచ్చిన శత్రువు నుండి ప్రజలను కాపాడే పోరాటాన్ని కూడా విధియుద్ధంగా పరిగణించాడు.

అయితే పురుషవేషాన్ని స్త్రీకి నిషేధించిన తోరా వాక్యాన్ని, మిష్నాపై చర్చల సంకలనమైన తాల్ముద్‌లో రబ్బీ (ధర్మాచార్యుడు) ఎలియేజెర్ బెన్ యాకోబ్ ఆయుధధారణకు అన్వయించాడు. బైబిలు కథలో యాయేలు అనే స్త్రీ శత్రుసేనాని సీసెరాను గుడారపు మేకుతో వధించడం ఈ నిషేధాన్ని పాటించడానికేనని కొందరు వ్యాఖ్యాతలు వివరించారు. ఈ రెండు ధోరణులను సమన్వయపరచబోయిన 16వ శతాబ్దపు పండితుడు డేవిడ్ ఇబ్న్ జిమ్రా, విధియుద్ధంలో స్త్రీలు తమ భర్తలకు నీరూ ఆహారమూ అందించి ఉండవచ్చునని సూచించాడు.

ఇజ్రాయెల్ 1949లో సైనికసేవను స్త్రీలకు సైతం తప్పనిసరి చేస్తూ, మతవిశ్వాసం అడ్డువచ్చే వారికి మినహాయింపు కల్పించినప్పుడు ఈ ప్రాచీన చర్చ సజీవ సమస్యగా మారింది; ప్రధాన రబ్బీల పీఠం స్త్రీల సైన్యప్రవేశాన్ని వ్యతిరేకించినా, ధర్మనిష్ఠ గల యువతులలో కొందరు సైన్యంలో చేరుతూనే ఉన్నారు.

ఇబ్న్ జిమ్రా సమన్వయం ఎంత సౌమ్యమైనదైనా ఒక చిక్కును విడదీయలేదు. యుద్ధభూమికి నీరు మోసే స్త్రీకి శత్రువు బాణం తగలకుండా ఉండదు గనుక, ఆయుధనిషేధం ఆమెకు ప్రమాదాన్ని తప్పించకుండా ఆత్మరక్షణ సాధనాన్ని మాత్రమే తప్పిస్తుంది. సమాజపు ప్రాణరక్షణే విధికి మూలమైతే, ఆ సమాజంలో ప్రాణమున్న స్త్రీని విధికి వెలుపల నిలపడానికి బలమైన కారణం కావాలి. ఆమె అంతరాత్మ చెప్పే అభ్యంతరం అటువంటి కారణం కాగలదు గాని, ఆమె తరఫున ఇతరులు చేసే నిర్ణయం కాజాలదు. ఐచ్ఛిక యుద్ధం నుండి వరుణ్ణి సైతం ఇంటికి పంపిన శాస్త్రం పాలకునిపై అంతకంటె గురుతరమైన భారం మోపింది: వధూవరులలో ఎవరిని పిలిచే ముందైనా, తాను తలపెట్టిన యుద్ధం నిజంగా ప్రజారక్షణకేనని అతడు నిరూపించుకోవాలి.