హత్యానేరము – ఉద్దేశ విచారణ

ఒకని దెబ్బలకు మరియొకడు మరణించును. సెషన్సు న్యాయస్థానము కొట్టినవానిని హంతకుడని నిర్ణయించి యావజ్జీవ కారాగారశిక్ష విధించును. కొన్ని యేండ్లకు అప్పీలులో హైకోర్టు ఆ తీర్పును మార్చి, ఇది హత్య కాదనియు, హత్య కాని నేరపూరిత నరహత్య మాత్రమేయనియు చెప్పి శిక్షను తగ్గించును. మృతుని యింటివారికి ఆ వార్త పుండుపై కారమువలె తగులును. పోయిన ప్రాణము ఒక్కటే కదా, నిన్న హత్యయైనది నేడెట్లు కాకపోయెనని వారడుగుదురు. ఈ ప్రశ్నను పెద్దలు తేలికగా త్రోసివేయరాదు.

1860 నాటి భారత శిక్షాస్మృతి 299, 300 సెక్షన్లలో ఈ రెండు నేరములను నిర్వచించెను. 2024 జూలై 1 నుండి అమలులోనికి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో అవియే 100, 101 సెక్షన్లైనవి. ప్రతి హత్యయు నరహత్యయే గాని ప్రతి నరహత్యయు హత్య కాదు. చంపవలెనను ఉద్దేశముతో కొట్టినవాడు, ప్రాణము పోవుటకు చాలినంత గాయమును కోరి చేసినవాడు, ప్రాణము పోవచ్చునని తెలిసియు చేయి ఆపుకొనక కొట్టినవాడు, వీరు మువ్వురును ఒక్కటి కారు. చచ్చినవాని శరీరము ముగ్గురి విషయములోను ఒక్కతీరుననే యుండును. భేదమంతయు కొట్టినవాని మనస్సులో నున్నది.

1876లో బొంబాయి హైకోర్టు ఎదుటకు గోవింద అనువాని వ్యాజ్యము వచ్చెను. భర్తకు పదునెనిమిదేండ్లు, భార్యకు పదునైదేండ్లు. అతడామెను పడద్రోసి, ఎదపై మోకాలూని, ముఖముపై రెండు మూడు గ్రుద్దులు గ్రుద్దెను. మెదడులో నెత్తురు చేరి ఆమె మరణించెను. జస్టిస్ మెల్విల్ ఇది హత్య కాదని తేల్చగా అతనికి ఏడేండ్ల ప్రవాసశిక్ష పడెను. న్యాయశాస్త్రములో నేటికిని మన్ననగల తీర్పు ఇది. అయినను ఆ పదునైదేండ్ల పిల్లను తలచుకొన్నవారికి మనస్సు కలుక్కుమనక మానదు.

ఇక మన తెలుగునేలపై జరిగిన వ్యాజ్యమొకటి దేశమందలి న్యాయవిద్యార్థులందరును చదువునది, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వమునకును రాయవరపు పున్నయ్యకును నడుమ సాగినది. గుంటూరు జిల్లా రొంపిచర్లలో రెండు కక్షలుండెను. 1968 జూలై 23వ తేదీ ఉదయమున ఒక కక్షకు చెందిన యేబదియైదేండ్ల వ్యక్తి బస్సులో నెకరికల్లు చేరి అచ్చటి సత్రములో కూర్చుండెను. ఎదుటి కక్షవారును అదే బస్సులో వచ్చిరి. వారు లావుపాటి కర్రలు చేపట్టి సత్రములోనికి వచ్చుట చూచి ఆ పెద్దాయన లేచి, చేతులు జోడించి, కొట్టవలదని వేడుకొనెను. ఇద్దరు అతని కాళ్లను, చేతులను విచక్షణ లేక మోదిరి. చూచుచున్న ఒకడు, మనిషిని గొడ్డును బాదినట్లు బాదుచున్నారేమని అడిగెను. అడుగుటకు నీవెవడవని వారు గద్దించి, స్పృహ తప్పువరకు కొట్టిరి. మరునాటి వేకువను గుంటూరు ఆసుపత్రిలో ప్రాణము పోయెను. వైద్యుడు లెక్కించిన గాయములు 19.

సెషన్సు న్యాయస్థానము దీనిని హత్యయనెను. హైకోర్టు తగ్గించెను. దెబ్బ ఒక్కటియు తలపైగాని, గుండెపైగాని పడలేదు. చంపదలచినవారు కాళ్లపై కొట్టుదురాయనునది దాని తర్కము. శిక్ష అయిదేండ్లకు దిగెను. ఈ తర్కము వినుటకు సబబుగానే తోచును. ఊళ్లలో "కాళ్లు విరుగగొట్టి వదలుడు" అని పురికొల్పువారు నమ్మునదియు ఇదియే. ప్రభుత్వము సుప్రీంకోర్టునకు పోగా, 1976లో జస్టిస్ సర్కారియా వ్రాసిన తీర్పు హత్యానేరమును పునరుద్ధరించెను. దెబ్బలు మర్మస్థానములపై లేకున్నను, అవన్నియు కలిసి మరణమునకు చాలినవే. వానిని వారు కోరియే, ముందు తలపోసియే కొట్టిరి. 1958లోనే విర్సాసింగ్ వ్యాజ్యములో జస్టిస్ వివియన్ బోస్ ఈ విషయమును స్పష్టము చేసియుండెను. చావు కోరెనా యని కాదు, ఆ గాయమును కోరెనా యని యడుగవలెను. అది మరణమునకు చాలినదా యనునది వైద్యుని సాక్ష్యమును బట్టి తేలును.

కావున తగ్గింపు దయ కాదు. ఇది చాలమంది పొరబడు చోటు. నిందితుని పిల్లలు చిన్నవారనియో, తల్లి వృద్ధురాలనియో హత్యను హత్య కాదనుటకు వీలులేదు. అది దయ పేర పలికిన అసత్యమగును. అట్లే మృతుడు మంచివాడని ఆకస్మికమైన దెబ్బను కుట్రగా చూపుటయు అసత్యమే. బసవేశ్వరుడు తన బోధలో చంపుటను, కోపించుటను వేర్వేరుగా నిషేధించెను. రెండును దోషములే గాని రెండును ఒక్కటి కావు. అంతరంగశుద్ధిని బహిరంగశుద్ధితోపాటు చెప్పిన సంప్రదాయమువారికి, చేతితో బాటు మనస్సును విచారించు న్యాయము పరాయిదిగా తోచరాదు.

మనస్సును విచారించుట యెట్లు? 2006లో పులిచెర్ల నాగరాజు వ్యాజ్యములో సుప్రీంకోర్టు చూడవలసిన గురుతులను పేర్కొనెను. ఆయుధమెట్టిది, అది వెంట తెచ్చినదా, అక్కడికక్కడ దొరికినదా, దెబ్బ ఎచ్చట, ఎంత బలముతో పడెను, ఒక్కటియా, పెక్కులా, పాతపగ కలదా, కలహము అప్పటికప్పుడు పుట్టినదా మున్నగునవి. హైదరాబాదు పడమట నున్న కోకాపేటను తలచుకొనుడు. ఒకనాటి పల్లె, 2023 ఆగస్టు వేలములో ఎకరము ధర నూరుకోట్ల రూపాయలు దాటినది. అంత వెల పలుకు నేలపై అన్నదమ్ములకు గట్టు తగవు వచ్చి, మాటకు మాట పెరిగి, అక్కడ పడియున్న పారతో ఒకడొక దెబ్బ వేసి, మరుక్షణమే తమ్ముని భుజాన వేసుకొని ఆసుపత్రికి పరుగిడెననుకొనుడు. ఇంకొకడు అదే తగవును మనస్సులో నుంచుకొని, మూడు దినములు ఓపికపట్టి, కత్తి కొని తెచ్చి, చీకటిలో కాచియుండెననుకొనుడు. ఇద్దరికిని ఒకే పేరు పెట్టు ధర్మము గ్రుడ్డిది. మొదటివాడు నిర్దోషి యని దీనికర్థము కాదు. అతని నేరమునకును యావజ్జీవము వరకు శిక్ష పడవచ్చును.

మృతుని కుటుంబమువారు మఠమునకు వచ్చి దుఃఖము చెప్పుకొనునప్పుడు, సెక్షను మారుట వారి బిడ్డ ప్రాణమునకు వెలకట్టుట కాదని చెప్పవలెను. నిందితుని వారు వచ్చినచో పూలమాలలు, బాణసంచా వలదని గట్టిగా చెప్పవలెను. ఈ రెండు నేరములలో ఏదియు డబ్బిచ్చి రాజీ చేసికొనదగినది కాదని ఇరుపక్షముల వారికిని తెలుపవలెను. ఇంకొక సంగతియు చెప్పవలసియున్నది. 1976లో ఆ పెద్దాయన పక్షమున సుప్రీంకోర్టునకు పోయినది ప్రభుత్వము. 2009 డిసెంబరు 31 నుండి చట్టము మారినది. విచారణ న్యాయస్థానము నిందితుని తక్కువ నేరము క్రింద శిక్షించినచో, మృతుని వారసులే పై న్యాయస్థానమున అప్పీలు చేసికొనవచ్చును. ఈ హక్కు కలదని పల్లెలలో తెలిసినవారు బహుకొద్దిమంది.