సంతకముతో తీరని పూచీ

మాటకు విలువ ఉన్నంతకాలము కాగితముతో పని తక్కువగా నుండెను. నేడు ఇల్లు అద్దెకు పుచ్చుకొన్నను, ఆసుపత్రిలో శస్త్రచికిత్సకు ఒప్పుకొన్నను, తుదకు పిల్లలను ఆటకు తీసికొనిపోయినను ఏదో యొక పత్రముమీద సంతకము చేయక తప్పదు. ఆ సంతకమునకు అర్థమేమి? దానివలన ఎవరి బాధ్యత ఎవరిమీదికి పోవును? అట్లు పోవుట ధర్మమేనా? శరణధర్మమును నమ్మినవారు నిదానించి ఆలోచింపదగిన ప్రశ్న ఇది.

గడచిన వేసవిలో మా మనుమని ఎనిమిదవ పుట్టినరోజునకు హైదరాబాదులో ఒక ట్రాంపొలిన్ పార్కునకు పోయితిమి. ట్రాంపొలిన్ అనగా ఇనుప చట్రమునకు స్ప్రింగులతో బిగించిన దృఢమైన వస్త్రము. దానిమీద గెంతినవారిని అది మరింత పైకి ఎగురవేయును. 1930ల దశకములో అమెరికాలోని అయోవా రాష్ట్రమున జార్జ్ నిస్సెన్, లారీ గ్రిస్‌వోల్డ్ అనువారు దీనిని రూపొందించిరి. 2000లో సిడ్నీ ఒలింపిక్సున ఇది పోటీక్రీడగా చేరినది. ఇప్పుడు పెద్ద షెడ్లలో ఇట్టివానిని వరుసగా అమర్చి, గంటకింత అని రుసుము పుచ్చుకొని పిల్లలను ఎగురనిచ్చుచున్నారు.

ద్వారము వద్దనున్న యువకుడు పలకవంటి యంత్రమొకటి నా చేతికిచ్చి, "తాతగారూ, ఇక్కడ వేలితో సంతకం చేయండి" అనెను.

"ఇది ఏమిటి బాబూ?" అంటిని.

"వేవర్ అండీ. అందరూ చేసేదే" అనెను.

మా మనుమనితోపాటు అతని స్నేహితులు ఇద్దరుండిరి. వారి తల్లిదండ్రులు రాలేదు. వెనుక వరుస పెరుగుచుండెను, పిల్లలు తొందరపెట్టుచుండిరి. ముగ్గురి పేరను మూడుసార్లు సంతకము చేసితిని. ఒక్క వాక్యమైనను చదువలేదు.

పిల్లలు ఆడుకొనుచుండగా, ఫోనునకు వచ్చిన ఆ పత్రపు ప్రతిని తీరికగా చదివితిని. దీనిని సంపూర్ణముగా చదివి గ్రహించితినని మొదటనే ఉన్నది. ఈ బాలునికి నేను చట్టరీత్యా సంరక్షకుడనని ఆ తరువాత ఉన్నది. ఆ రెండును అసత్యములే. ఇష్టలింగమును ధరించిన నేను, ఐదు నిమిషములలో ముగ్గురు బాలుర పేర వరుసగా బొంకితిని. ఆ బొంకు నాలుకతో గాక వ్రేలితో చెప్పుటచేత నాకప్పుడు బొంకుగా తోపలేదు. పరుల పిల్లలకు ఏదైన జరిగినచో అడుగు హక్కును గూడ, వారి తల్లిదండ్రులతో ఒక్క మాట చెప్పకుండ, వదులుకొంటినని తలచినప్పుడు మనస్సు కలత చెందినది.

ఇట్టి పత్రములలో సామాన్యముగా మూడంశములు కలిసియుండును. ఈ ఆటలో సహజముగా ప్రమాదము కలదని తెలిసికొంటిననుట మొదటిది. నియమములను పాటింతుననుట రెండవది. యాజమాన్యము వారి అజాగ్రత్తవలన దెబ్బ తగిలినను వారిని అడుగననుట మూడవది. మొదటి రెండును న్యాయమైనవే. మూడవదానిని వానితో కలిపి ఒకే సంతకముతో పుచ్చుకొనుటలోనే చిక్కంతయు ఉన్నది.

ఆటలోని ప్రమాదము కల్పితము కాదు. ఒకే తెరమీద ఇద్దరు ముగ్గురు గెంతునప్పుడు, బరువైనవాడు దిగిన అదనున చిన్నవాడు పైకి లేచినచో, ఆ బరువునకు సాగిన తెర బలమంతయు చిన్నవానిమీద పడును. వాడు తన శక్తికి మించి ఎగిరి, అదుపు తప్పి పడును. అమెరికా బాలవైద్యుల సంఘము 2012లో వెలువరించిన నివేదిక ప్రకారము ట్రాంపొలిన్ గాయములలో ఇంచుమించు నాలుగింట మూడు వంతులు పలువురు ఒక్కసారి ఎగురునప్పుడే సంభవించుచున్నవి. అట్టివేళ చిన్నవానికి దెబ్బ తగులు అవకాశము పెద్దవానికంటె 14 రెట్ల వరకు ఎక్కువ. ఆరేండ్లలోపు పిల్లలకు మోకాటి క్రింది ఎముక విరుగుటయు ఈ ఆటలో వైద్యులెరిగిన గాయమే. కావున తెరకొక్కరినే అనుమతించుట, పెద్దలను చిన్నలను వేరుచేయుట, స్ప్రింగులపై మెత్తలు జారకుండ చూచుట, ఈల పట్టుకొని ఒకరు కనిపెట్టియుండుట యాజమాన్యపు పనులు. ఇవి వారి చేతిలోనివి. నా చేతిలోనివి కావు.

యజమాని పక్షమును గూడ వినుట న్యాయము. మడమ బెణికిన ప్రతివారును న్యాయస్థానమునకెక్కినచో ఏ ఆటస్థలమును నిలువజాలదు. 1960 ప్రాంతమున అమెరికాలో వెలసిన ట్రాంపొలిన్ కేంద్రములు గాయముల వలనను, బీమా భారము వలనను మూతపడినవి. పిల్లలు ఎగురవలెను, పడవలెను, లేవవలెను. ఏ దెబ్బయు తగులని ఆట లేదు. "ఇది తెలిసియే పంపుచున్నాను" అని తండ్రి వ్రాసి ఇచ్చుట సత్యమునకు అనుకూలమే. కాని ఆటలోని ప్రమాదము వేరు, చినిగిన మెత్తను మార్చకపోవుట వేరు. మొదటిదానికి ఒప్పుకొన్నవాడు రెండవదానికి ఒప్పుకొన్నట్లు కాదు.

చట్టము ఈ భేదమును కొంతవరకు గుర్తించినది. ఇంగ్లండులో 1977 నాటి చట్టము, వ్యాపారి తన అజాగ్రత్తవలన కలిగిన మరణమునకుగాని శరీరగాయమునకుగాని బాధ్యతను షరతు వ్రాసి తప్పించుకొనజాలడని శాసించినది. అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్ర సుప్రీంకోర్టు 2006లో ఒక స్కేటుబోర్డు పార్కు వ్యాజ్యమున, బిడ్డకు దెబ్బ తగులకముందే వాని హక్కును తల్లిదండ్రులు వదులుకొను ఒప్పందము చెల్లదని తీర్పిచ్చినది. ఆ దేశమందే కాలిఫోర్నియా వంటి రాష్ట్రములలో అట్టి సంతకములు చెల్లుచున్నవి. మన దేశమున 1872 నాటి కాంట్రాక్టు చట్టము 23వ సెక్షను ప్రజాహితమునకు విరుద్ధమైన ఒప్పందములను చెల్లనీయదు. బలాబలములలో ఎంతో అంతరమున్నచోట, బలహీనుడు గీతమీద సంతకము చేయుట తప్ప గత్యంతరము లేక ఒప్పుకొన్న అన్యాయపు షరతులను అమలుపరుపమని 1986లో సెంట్రల్ ఇన్‌లాండ్ వాటర్ ట్రాన్స్‌పోర్ట్ కార్పొరేషన్ వ్యాజ్యములో మన సుప్రీంకోర్టు చెప్పినది. 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టము అన్యాయపు షరతులను రద్దుచేయు అధికారమును రాష్ట్ర కమిషనుకు ఇచ్చినది. కావున వ్రాసినదెల్ల చెల్లునని భయపడనక్కరలేదు.

అయినను, చెల్లునా చెల్లదా అనునది న్యాయవాదుల ప్రశ్న. చేయదగునా తగదా అనునది మన ప్రశ్న.

ఎవరి లింగపూజ వారే చేసికొనవలెను గాని పరులచేత చేయింపరాదని బసవేశ్వరుడు బోధించెను. ఇష్టలింగమును ఎవరి శరీరముపై వారు ధరించుటలోని అంతరార్థమును ఇదియే. భక్తిని బదిలీ చేయుటకు వీలులేదు. కాయకమే కైలాసమని నమ్మినవారికి కాయకము గూడ పూజయే గదా! అట్లైనచో కాయకములోని జాగ్రత్తను మాత్రము ఎట్లు బదిలీ చేయగలము? పిల్లల ఆటస్థలమును నడుపుట ఒక కాయకము. స్ప్రింగును పరీక్షించుట, మెత్తను సరిచేయుట అందలి నిత్యపూజ. "నేను పూజ మానినను నీవు అడుగవద్దు" అని ముందుగా వ్రాయించుకొనువాడు కాయకముయొక్క ఫలమును తాను ఉంచుకొని, దాని భారమును ఎదుటివానికి ఇచ్చుచున్నాడు.

ఆయ్దక్కి మారయ్య కథ మనవారందరు ఎరిగినదే. నేలరాలిన బియ్యపుగింజలు ఏరి తెచ్చుట ఆయన కాయకము. ఒకనాడు అవసరమునకు మించి తెచ్చెను. లక్కమ్మ దానిని స్వీకరింపక, ఎక్కువైనదానిని తిరిగి అక్కడనే పోసి రమ్మని భర్తను పంపెను. ఈ పత్రములో ఆటయందు సహజమైన ప్రమాదమునకు కోరిన సమ్మతి యజమానికి నాటి బియ్యము, అది పుచ్చుకొనవచ్చును. తన తప్పునకు గూడ కోరిన క్షమాపణ మించిన బియ్యము. దానిని తిరిగి పోసి రమ్మని చెప్పు లక్కమ్మ ప్రతి వ్యాపారి యింటను ఉండవలెను.

బసవేశ్వరుడు బిజ్జలుని భాండాగారమును చూచిన అధికారి. రాజధనమును జంగములకు ధారపోయుచున్నాడని కొండెములు చెప్పినప్పుడు, ఆయన లెక్క చూచుకొమ్మనెను గాని నన్ను అడుగరాదని అనలేదు. ధనములో కొరత కనబడలేదని బసవపురాణము చెప్పుచున్నది. అడుగువానికి లెక్క చెప్పుటకు సిద్ధముగా నుండుటయే నమ్మకమునకు గుర్తు.

ఇక నా తప్పునకు వచ్చెదను. మరునాడు ఆ ఇద్దరు బాలుర ఇండ్లకు పోయి, చదువకయే వారి పేర సంతకము చేసితినని చెప్పితిని. ఒక బాలుని తల్లి నవ్వి, "ఆ కాగితం సంగతి మాకెందుకండీ బాబాయిగారూ? మీరున్నారనే గదా పిల్లవాణ్ణి పంపినాము" అన్నది. ఆమె నన్ను ఓదార్చుటకే అన్నది. కాని ఆ మాట ఇంటికి వచ్చుదాక నా వెంట వచ్చినది. ఆమె నమ్మినది పత్రమును కాదు, నన్ను. నేను ఆ గంటసేపు ఏమి చేసితిని? సగము సమయము ఫోనులో ఆ పత్రమును చదువుచు, యజమాని తప్పులను వెదకుచు కూర్చుంటిని. పిల్లలు ఒకే తెరమీద ముగ్గురు గెంతుచున్నారా, వేరువేరుగా గెంతుచున్నారా అని తలయెత్తి చూడలేదు. దైవకృపవలన ఎవరికిని దెబ్బ తగులలేదు. తగిలియున్నచో యజమానిని అడుగుటకు ముందు నన్ను నేను అడుగుకొనవలసి వచ్చెడిది.

శరణ సోదరులారా, సోదరీమణులారా! ఆటలు మానిపింపుడని నేను చెప్పుటలేదు. చదువక చదివితినని వ్రాయవలదు. పరుల బిడ్డ పేర సంతకము చేయవలసి వచ్చినచో ముందు వారి తల్లిదండ్రులకు ఒక ఫోను చేయుడు. మెత్తలు సరిగా ఉన్నవా, తెరకు ఎందరిని అనుమతింతురు అని వరుసలో నిలబడియే అడుగుడు. వెనుకవారు విసిగికొన్నను ఫరవాలేదు, వారి పిల్లలకును అది మేలే. వ్యాపారము చేయు మనవారు తమ పత్రములలోని మించిన బియ్యమును తామే తీసివేయవలెను. సంతకము ఎవరు డబ్బు చెల్లింపవలెనో తేల్చవచ్చును. ఎవరు కనిపెట్టియుండవలెనో అది తేల్చదు. ఆ పూచీ యజమానికి యజమానిది, నాకు నాది.

శరణు శరణార్థి.