కళకు తీర్పు

న్యాయమును కోరుట ధర్మమే. కాని దేనికై కోరుచున్నాము, ఎవరి నిమిత్తము కోరుచున్నాము అనునవియు ధర్మవిచారములోని భాగములే. పిల్లల కళాపోటీల ఫలితములు న్యాయస్థానము మెట్లెక్కుచున్నపుడు ఈ ప్రశ్నలను దాటిపోరాదు.

కేరళ రాష్ట్రమున పాఠశాలా కళోత్సవము 1957లో ఎర్నాకుళమున ఆరంభమైనది. జిల్లా పోటీలలో నెగ్గినవారు రాష్ట్రస్థాయిని చేరుదురు. కృష్ణాతీరమున పుట్టిన మన కూచిపూడియు అచటి పోటీ కళలలో నొకటి. కావున ఇది పరుల గొడవ యని తెలుగువారు తొలగిపోవ వీలులేదు. ఓడినవారు రుసుము చెల్లించి విద్యాశాఖకు అప్పీలు చేసికొనవచ్చును. అచట కాదన్నచో హైకోర్టు, లోకాయుక్త, బాలల హక్కుల సంఘము మొదలగు ద్వారములను తట్టుట పరిపాటియైనది. 14 జిల్లాలకు 14 మంది ఆడవలసిన నాట్యమునకు ఉత్తరువులు చేతబట్టి వచ్చినవారును చేరగా, పోటీ రాత్రి ప్రొద్దుపోవు దాక సాగుటయు కలదు. ఉన్నతశ్రేణి పొందినవారికి పరీక్షలలో అదనపు మార్కులు గూడ లభించును. కళాభ్యాసములోని ఆనందమునకు ఈ మార్కుల లెక్క తోడైనది.

భిలాయి ఉక్కు కర్మాగారమునకై సున్నపురాయి త్రవ్వు నందిని గనులను తలచుకొందము. ఆ రాతిలో ఇసుకపాలెంతయో ఇద్దరు రసాయనజ్ఞులు వేర్వేరుగ పరీక్షించినను ఇంచుమించు ఒకే అంకె వచ్చును. రాకున్నచో ఒకరు పొరబడిరనుట నిశ్చయము. నాట్యమట్టిది కాదు. ఇద్దరు విద్వాంసులు ఒకే అభినయమును చూచి, ఇద్దరును నిజాయితీపరులయ్యు, వేర్వేరుగ తలపవచ్చును. మార్కుల కూడిక సరిగా నున్నదా, న్యాయనిర్ణేత పోటీదారునకు బంధువా, లంచము చేతులు మారినదా యని న్యాయమూర్తి విచారింపగలడు. సత్యభామ కోపములో రసము నిండినదా లేదా యని విచారించుటకు ఆయన యొద్ద ఏ కొలత కలదు?

అట్లని ఆరోపణలన్నియు ఈర్ష్యాజనితములని త్రోసివేయుటయు అన్యాయమే. మోసపోయిన బిడ్డకు ఫలాపేక్ష విడువుమని బోధించుట మిక్కిలి సులభము. ఆ బోధ మోసగించినవారికి అనుకూలముగ నుండును. కర్మయోగము నిర్ణేతల పీఠమునకు గూడ వర్తించును. కాని శంకయు హద్దు మీరుచుండును. 2018లో త్రిశ్శూరు ఉత్సవవేళ బాలల హక్కుల సంఘము పేరిట కూటపు ఉత్తరువులు పుట్టినవని బయటపడినది. న్యాయము కోరుటకై దొంగపత్రము! 2024 మార్చిలో కేరళ విశ్వవిద్యాలయ యువజనోత్సవమున లంచము పుచ్చుకొనెనని ఆరోపింపబడిన నిర్ణేత యొకడు, తాను నిర్దోషినని వ్రాసి ఉంచి, విచారణ ముగియకయే ప్రాణము తీసికొనెను. అది పాఠశాలల పోటీ కాదు. అయినను ఆ వాతావరణమిదియే. ఒక బహుమతికై అంతవరకు పోవలసియుండెనా?

2006లో కళాతిలక, కళాప్రతిభ యను బిరుదులను రద్దుచేసిరి. పోటీ జ్వరము తగ్గునని ఆశ. అప్పీళ్లు మాత్రము ఆగలేదు. 2022 డిసెంబరులో కేరళ హైకోర్టు ఇట్టి అర్జీలను త్రోసిపుచ్చుచు, బిడ్డల ఓటమిని ఓర్చుటకు తలిదండ్రులే సిద్ధపడనిచో ఆ బిడ్డలు క్రుంగిపోవుదురని హెచ్చరించెను. ఇది శాసనజ్ఞుని మాటకన్న ఇంటి పెద్ద మాటవలె నున్నది. అర్జీ వెనుక నున్న పట్టుదల పెక్కుసారులు తండ్రిది, గజ్జెలు బిడ్డవి. తన ఆట మంచిదో కాదో తెలిసికొనుటకు గురువు ముఖమును గాక ఉత్తరువు కాగితమును చూడవలెనని ఆ బిడ్డ ఆనాడే నేర్చుకొనును. గురువు దిద్దిన అడవు ఆమెకు నిలుచును. కాగితమిచ్చినది ఒక్క రాత్రి అవకాశము.

రాష్ట్రవేదికపై జిల్లా విజేతను మించినచో అప్పీలు రుసుమును తిరిగి చెల్లింతురు. కాని ఆ జిల్లా విజేతయు ఒక బిడ్డయే. ఆమె ఏ తప్పును చేయలేదు. ఎవరి మార్కులను దిద్దలేదు. ఆమె గెలుపును శంకించుచు ఒకరు న్యాయస్థానమునకు పోయిరని విని, మరల గజ్జె కట్టి అదే వేదిక నెక్కును.