కెమెరా వెనక ఎవరు?

మా బస్తీలోకి కెమెరా ఎప్పుడొస్తుంది? రాళ్లు పడ్డప్పుడొస్తుంది. కర్ఫ్యూ పెట్టినప్పుడొస్తుంది. టోపీ, బుర్ఖా, మినార్ ఎత్తుకుని వెళ్లిపోతుంది. కూలీ పోయిన ఇంట్లో పొయ్యి వెలిగిందా అని అడగదు. అందుకే మాలో చాలామందిమి, మమ్మల్ని మేమే చూపించుకుంటాం, పరాయి కన్ను మాకొద్దు అంటాం. ఈ మాటలో కోపముంది, న్యాయమూ ఉంది. మరి పూర్తి నిజముందా?

నవ్‌రోజ్ కాంట్రాక్టర్ పనిని ముందు పెట్టుకుని ఆలోచిద్దాం. ఆయన అహ్మదాబాద్ పార్సీ. బరోడాలో లలిత కళలు, పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం చదివారు. మణి కౌల్ 'దువిధా' (1973)కు కెమెరా పట్టిందీ ఆయనే. 1980లో దీపా ధన్‌రాజ్ తదితరులతో కలిసి 'యుగాంతర్' బృందంలో చేరి డాక్యుమెంటరీల దారి పట్టారు. నిపాణి పొగాకు కార్మిక స్త్రీల మీద సినిమా తీయడానికి ఆ బృందం నాలుగు నెలలు వాళ్లతో గడిపింది. ఏం చూపాలో ఆ స్త్రీలతో మాట్లాడి నిర్ణయించుకుంది. కెమెరా ఎత్తే ముందు చెవి ఒగ్గడమన్నమాట.

1984లో మా హైదరాబాద్ తగలబడింది. ఆగస్టులో ఎన్టీఆర్ ప్రభుత్వాన్ని కూల్చారు, సెప్టెంబరులో ఆయన తిరిగొచ్చారు. ఆ నెలల్లోనే పాతబస్తీలో కత్తిపోట్లు, కర్ఫ్యూలు. దీపా ధన్‌రాజ్ తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో?' (1986) దీన్ని రెండు మతాల పాత పగ అని వదిలేయలేదు. ఎవరి కుర్చీ కోసం ఎవరి నెత్తురు పారిందో అడిగింది. ఆ సినిమాకు కెమెరా నవ్‌రోజ్‌దే. 2013లో బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ దాన్ని బాగుచేసి మళ్లీ తెరకెక్కించింది.

ఆయన మా మతం వాడు కాదు, మా గల్లీ వాడు కాదు. అయినా ఆ కెమెరా మమ్మల్ని గుంపుగా చూడలేదు. అలాగని మా ప్రశ్న తీరిపోదు. మా కథకు మా పిల్లల చేతిలో కెమెరా ఎందుకు లేదు? మంచి చుట్టం వచ్చాడని ఇంటి బిడ్డ హక్కు రద్దవుతుందా?

కాదు. అయితే ఇంటి బిడ్డకూ ఒక పరీక్ష ఉంది. స్త్రీశక్తి సంఘటనతో కలిసి యుగాంతర్ తెలుగులో తీసిన 'ఇది కథ మాత్రమేనా' (1983) ఇంట్లో ఆడదానిపై జరిగే హింసను చూపింది. దానికీ కెమెరా ఆయనే. మా చేతికి కెమెరా వచ్చిన రోజు మా ఇంటి పరదా వెనక్కి దాన్ని తిప్పుతామా? లేక బయటి గాయాలే చూపించి ఊరుకుంటామా?

2023 జూన్‌లో నవ్‌రోజ్ రోడ్డు ప్రమాదంలో పోయారు. పుట్టుక మాట్లాడే హక్కునిస్తుంది, చూపునివ్వదు. చూపు సంపాదించుకోవాలి. ఆ హక్కును వదులుకోకుండా ఆ చూపును సంపాదించుకోవడమే మా ముందున్న పని.