గాయమూ, దాని లెక్కా

మనిషి బాధకు అంకె తగిలించడం అమానుషమా? మన సభల్లో ఈ ప్రశ్న వేస్తే జవాబు తడుముకోకుండా వస్తుంది: అమానుషమే. మనిషినే సరుకు చేసిన వ్యవస్థ అతని గాయాన్ని సంకేతం చేసి అమ్ముకోవడంలో వింతేముంది అంటాం. నేనూ చాలాసార్లు అన్నాను. ఈ జవాబులో అబద్ధం లేదు. కాని మరీ సులభంగా వచ్చే జవాబును ఒకసారి తట్టి చూడడం మంచిది. సులభంగా వచ్చిందంటే అందులో మన వంతు లెక్కకు రాకుండా పోయిందేమోనని అనుమానించాలి.

నాకు ఆ అనుమానం కలిగించినవాడు నా పాత విద్యార్థి. వాళ్ల యిల్లు బహదూర్‌పురాలో. సైన్సు పట్టా పుచ్చుకుని, అమీర్‌పేటలో కొన్ని నెలలు శిక్షణ పొంది, హైటెక్ సిటీ వైపు ఒక కంపెనీలో మెడికల్ కోడింగు పనిలో చేరాడు. సాయంత్రం పోయి తెల్లవారి వస్తాడు. మనం పాఠాలు చెప్పి పంపిన పిల్లలు వేలమంది ఈ పనిలో వున్నా, అదేమిటో మనలో చాలామందికి తెలియదు. అమెరికాలో డాక్టరు రోగిని చూసి రాసుకున్న వివరాలు ఇక్కడికి వస్తాయి. వాటిని చదివి రోగాన్నీ, చికిత్సనీ నిర్ణీత సంకేతాల్లోకి మార్చాలి. ఆ సంకేతాన్ని చూసి బీమా కంపెనీ డబ్బు చెల్లిస్తుంది, లేదా చెల్లించనంటుంది.

జూన్ నెలలో ఒక ఆదివారం వాళ్ల డాబామీద కూర్చుని వున్నాం. "నీ పని మనిషిని అంకె చెయ్యడమే కదా" అన్నాను. అతను నొచ్చుకోలేదు. "అంకెల తర్వాత ఒక అక్షరం వుంటుంది సార్, ముందు దాన్ని చూడండి" అన్నాడు.

అతను చెప్పింది ఇది. రోడ్డు ప్రమాదంలో ఒకడికి కుడికాలు, మోకాలి కింద పెద్ద ఎముక, చర్మం చీలకుండా విరిగిందనుకుందాం. దానికి సంకేతం ఎస్ 82.201. అది ఆరు స్థానాలు. ఏడో స్థానంలో ఒక అక్షరం రాయకపోతే ఆ సంకేతం చెల్లదు. ఎముకకు అసలు చికిత్స జరుగుతున్నంత కాలం ఆ అక్షరం 'ఎ'. ఆ తర్వాత కట్టు మార్చడానికో, ఎముక అతుక్కుంటున్నదో లేదో ఎక్స్‌రే తీయడానికో, లోపల వేసిన రాడ్డు తీయించుకోవడానికో రోగి మళ్లీ వస్తే, అన్నీ సవ్యంగా వున్నపుడు 'డి'. అతుక్కోవడం ఆలస్యమైతే 'జి'. అసలు అతుక్కోకపోతే 'కె'. వంకరగా అతుక్కుంటే 'పి'. గాయం మానిపోయి కుంటితనం మిగిలితే, ఆ మిగిలినదానికి 'ఎస్'. గుద్దిన బండికి వేరే సంకేతం వుంది. రెండు మూడు చక్రాల మోటారుబండి పాదచారిని గుద్దితే అది వి 02 వర్గంలోకి వస్తుంది. దాని చివరా ఇలాంటి అక్షరమే.

నన్ను ఆపింది మరో నియమం. ఇతర జబ్బుల విషయంలో చికిత్స ముగిశాక జరిగే సంరక్షణకు వేరే సంకేతాలున్నాయి. గాయాలకు వాటిని వాడకూడదట. ఆరు నెలల తర్వాత వచ్చినా సరే, మొదటిరోజు రాసిన గాయం పేరే రాసి, చివరి అక్షరం మాత్రం మార్చాలి. అంటే గాయం తన పేరు పోగొట్టుకోదు. డబ్బు లెక్కకోసం రాసిన నియమమే అయినా, గాయం మొదటిరోజుతో అయిపోదని అది ఒప్పుకుంటున్నది.

ఈ ఒప్పుకోలు ఊరికే రాలేదు. 1893లో షికాగోలో అంతర్జాతీయ గణాంక సంస్థ సమావేశంలో జాక్ బెర్టిలాన్ అనే ఫ్రెంచివాడు ప్రతిపాదించిన మొదటి జాబితా చావుకు కారణాల జాబితా మాత్రమే. 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ చేతికి వచ్చి ఆరోసారి సవరించినప్పుడు గాని బతికివున్నవాళ్ల రోగాలకూ గాయాలకూ అందులో చోటు దొరకలేదు. యాభయ్యయిదేళ్లపాటు లెక్కలోకి రావాలంటే చావవలసివుండేదన్నమాట. నా విద్యార్థి వాడే అమెరికా ప్రతి 2015 అక్టోబరు 1న అమలులోకి వచ్చింది.

లెక్కను అసహ్యించుకునే మిత్రులు ఇంకో సంగతి కూడా ఆలోచించాలి. ఇంగ్లండు కార్మికుల స్థితిగతుల మీద 1845లో పుస్తకం ప్రచురించిన ఎంగెల్సు ఆధారపడింది దేనిమీద? కన్నీళ్లమీద కాదు. ఏ రకం వీధిలో, ఏ రకం యింట్లో ఎందరికి ఒకరు చొప్పున చస్తున్నారని ప్రభుత్వోద్యోగులూ వైద్యులూ రాసిన పట్టికలమీద. 'కాపిటల్' రాసిన మార్క్సు ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టర్ల నివేదికలు తిరగేస్తూ ఏళ్లు గడిపాడు. లెక్కే మనిషికి శత్రువైతే ఈ యిద్దరూ శత్రువు ఆయుధశాలలోనే కాపురమున్నట్టు. లెక్క ఎవడి పుస్తకంలో వుంది, ఎవడికి జవాబు చెబుతుంది అన్నదే అడగవలసిన ప్రశ్న.

ఇంతవరకూ ఇది వాదం. డాబామీద అతను 'డి' అక్షరం గురించి చెబుతుండగా నాకు గుర్తొచ్చింది వాదం కాదు, ఒక మనిషి.

2025 జనవరిలో జూపార్కు నుంచి ఆరాంఘర్ దాకా సుమారు 4 కిలోమీటర్ల ఫ్లైఓవర్ తెరిచారు. బహదూర్‌పురా చౌరస్తా మీద 2022లోనే ఒకటి తెరిచివున్నారు. బళ్లు పైకెక్కాయి. తోపుడుబండికి ఆ యోగం లేదు, అది కిందనే వుంది. పెద్ద ఫ్లైఓవర్ తెరిచిన కొద్దివారాలకు, ఒక సాయంత్రం, కింద జామకాయలు అమ్ముకునే మనిషిని మోటారుసైకిలు గుద్ది పోయింది. నేను కాలేజీనుంచి వస్తున్నాను. ఆటో ఆపి, ఇద్దరి సాయంతో ఎక్కించి, ఆసుపత్రికి చేర్చి, చీటీ రాయించి, అతని తమ్ముడు వచ్చేదాకా వున్నాను. మొత్తం గంటన్నర. అతని మోచేతి రక్తం నా చొక్కాకు అంటింది. మా ఆవిడ చూసి కంగారుపడింది గాని నాకు లోపల తృప్తిగానే వుంది. మర్నాడు క్లాసులో ఈ సంగతి చెప్పాను కూడా. వినయంగానే చెప్పాననుకుంటాను. ఇప్పుడు తలుచుకుంటే ఆ వినయమే ఎక్కువ సిగ్గుచేటుగా వుంది.

ఆ తర్వాత నేనతన్ని చూడలేదు. రోజూ ఆ దారినే వెళుతున్నాను. బండి లేకపోవడం గమనించాను. జామకాయల రోజులు అయిపోయాయి కదా అనుకున్నాను!

నేను చేసింది ఒంటరి తప్పయితే ఇక్కడ రాయవలసిన పనిలేదు. మన చట్టాల దయ కూడా నా దయలాంటిదే. ప్రమాదంలో గాయపడినవాడికి ముందు చికిత్స చెయ్యాలి, పోలీసు లాంఛనాలు తర్వాత అని సుప్రీంకోర్టు 1989లో చెప్పింది. గొప్ప తీర్పు. సాయం చేసినవాణ్ని కేసుల్లో ఇరికించకూడదని 2019లో మోటారు వాహనాల చట్టానికి సవరణ తెచ్చారు. అదీ మంచిదే. 2025 మేలో కేంద్రం ప్రకటించిన నగదు రహిత చికిత్స పథకం లక్షన్నర రూపాయల దాకా భరిస్తుంది, ప్రమాదం జరిగిన నాటినుంచి 7 రోజుల వరకు. ఎనిమిదోరోజు? పిక్క ఎముక అతుక్కోవడానికి నెలలు పడుతుందని ఏ కట్టు కట్టే మనిషినడిగినా చెబుతాడు. నేరస్మృతిలో తీవ్రమైన గాయానికి వున్న గుర్తుల్లో ఒకటి, మనిషి తన మామూలు పనులు ఇన్ని రోజులు చేసుకోలేకపోవడం. పాత స్మృతిలో 20 రోజులు, 2024 జులై 1నుంచి అమలైన కొత్త స్మృతిలో 15. ప్రభుత్వ లెక్కల్లో రోడ్డు ప్రమాదపు చావు అనిపించుకోవాలంటే 30 రోజుల్లోపు చావాలి. 2022లో దేశంలో అలా చచ్చినవారు 1,68,491 మంది, గాయపడినవారు 4,43,366 మంది. ఆ నాలుగు లక్షల చిల్లరమంది మరుసటి ఏడు ఏమయ్యారో చెప్పే గడి ఆ పట్టికలో లేదు.

సాయం చేసేవాడికి మన చట్టం పెట్టిన పేరు బైబిలు కథలోనిది, మంచి సమరయుడు. ఆ కథ సగమే గుర్తుపెట్టుకున్నాం. దెబ్బలు తిన్నవాణ్ని సత్రానికి చేర్చి ఊరుకోలేదు సమరయుడు. సత్రంవాడికి డబ్బిచ్చి, ఇంకా ఖర్చయితే తిరిగి వచ్చేటప్పుడు ఇస్తానన్నాడు. మతగ్రంథం మీద నాకు ప్రత్యేక భక్తి లేదు గాని, తిరిగి వస్తానన్న ఆ మాట చట్టంలోకీ రాలేదు, నాలోకీ రాలేదు.

ఇంతమాత్రాన అమెరికా లెక్కల పద్ధతికి హారతి పట్టడం నా ఉద్దేశం కాదు. 'డి' అక్షరం అక్కడ దయ వల్ల పుట్టలేదు, బిల్లు కోసం పుట్టింది. బీమా లేనివాడికి ఏ అక్షరమూ అన్నం పెట్టదు. దాన్ని రాసే నా విద్యార్థికి రాత్రికి ఇన్ని కాయితాలని లెక్క, ఇన్ని తప్పులు దాటకూడదని లెక్క. తాను రాసిన ఒక్క కాలినీ అతను కళ్లతో చూడలేదు. ఇక మన రాష్ట్రంలోనూ 2007నుంచి ఆరోగ్యశ్రీ వుంది, దానికీ సంకేతాలున్నాయి. అయితే అవి ప్రధానంగా చేసే చికిత్సకు కట్టిన ధరలు. ఆపరేషనుకు పేరుంది. ఆపరేషను చేయించుకుని ఇంట్లో మంచంమీద వున్న మనిషికి లేదు.

ఆ అమెరికా పద్ధతిలో అసలు లోపాన్ని కూడా అతనే చెప్పాడు. దెబ్బ తగిలినప్పుడు మనిషి ఏం చేస్తున్నాడు, ఎక్కడున్నాడు, కూలికోసం చేసే పనిలో వున్నాడా లేదా అన్నదానికీ సంకేతాలున్నాయి. అయితే వాటిని మొదటిసారి మాత్రమే రాయాలి. తర్వాతి రాకల్లో రాయకూడదు. గాయం పేరు వెంట వస్తుంది, గుద్దిన బండి పేరు వెంట వస్తుంది, చేసే పని మాత్రం మొదటిరోజే రాలిపోతుంది! పేదరికానికీ, నిరుద్యోగానికీ, ఇల్లు లేకపోవడానికీ కూడా సంకేతాలున్నాయట. "అవి రాస్తే చాలావరకు డబ్బు రాదు సార్, అందుకని డాక్టర్లు ఆ సంగతులు పెద్దగా రాయరు" అన్నాడు.

నాకూ జామకాయల మనిషికీ ఒకేచోట కాలు విరిగితే ఇద్దరికీ ఎస్ 82.201 అనే రాస్తారు. నేను కర్ర ఊతంతో వచ్చి కుర్చీలో కూర్చుని పాఠం చెప్పగలను, జీతం ఆగదు. అతని బతుకే కాలితో నెట్టే బతుకు. 2010లో సుప్రీంకోర్టు ఒక పరిహారపు కేసులో ఈ తేడానే విప్పి చెప్పింది. ఎడమచెయ్యి పోతే వడ్రంగికీ డ్రైవరుకూ సంపాదన దాదాపు మొత్తం పోవచ్చు, ప్రభుత్వ గుమాస్తాకు ఉద్యోగమే పోకపోవచ్చు. కాబట్టి అవయవం ఎంత శాతం పోయిందని కాదు, బతుకుతెరువు ఎంత పోయిందని చూడాలి అన్నది. ఆ తీర్పు చదివినప్పుడు, మనం సాహిత్యంలో ఏళ్ల తరబడి వాదించిన విషయాన్ని న్యాయమూర్తులు రెండు వాక్యాల్లో తేల్చేశారే అనిపించింది. అయితే ఆ లెక్క కోర్టుకు ఎక్కినవాడికే దక్కుతుంది. గుద్ది పారిపోయిన మోటారుసైకిలు మీద ఎవరు ఎక్కుతారు?

మర్నాడు ఇద్దరం కలిసి అతని యింటికి వెళ్లాం. కిషన్‌బాగ్ వైపు సందులో ఒక గది. నన్ను గుర్తుపట్టాడు. "మీరే కదా సాబ్ ఆటోలో తెచ్చింది" అని భార్యకు చెప్పి చాయ్ పెట్టమన్నాడు. ఆ మర్యాద భరించడం కష్టమైంది. కూరగాయల సంచీలోంచి కాయితాలు తీశాడు. ఆరువారాల తర్వాత ఎక్స్‌రేకు రావాలని చీటీలో రాసివుంది. ఆ తేదీ పోయి చాలాకాలమైంది. ఆటోకు రానూపోనూ డబ్బులు, వెంట రావడానికి తమ్ముడి ఒకరోజు కూలీ, రెండూ సమకూరిన రోజు రాలేదు. మేస్త్రీ ఎవరో కట్టు కోసి తీసేశాడట. కాలు మోపితే నొప్పి.

నా విద్యార్థి చీటీలన్నీ తేదీల వరస ప్రకారం పేర్చాడు, అది అతనికి అలవాటైన పని. పాత ఎక్స్‌రే వెలుతురుకు పట్టి చాలాసేపు చూశాడు. ఏ అక్షరమని అడిగాను. "కె కావచ్చనిపిస్తుంది సార్. కాని అది నేను అనకూడదు. డాక్టరు చూసి రాయాలి. ఆయన రాయనిది మేం రాయం."

ఓపీ గురువారం వుందన్నారు. ఉదయం ఏడింటికే వరసలో నిలబడాలట. ఆ రోజు నాకు మొదటి రెండు పీరియడ్లున్నాయి. ప్రబంధాలు చెప్పే మిత్రుడికి అప్పజెప్పాను.