పూచీ సంతకము – శరణధర్మము



“ఒక్క సంతకమే కదా!” అని బంధువు అడుగును. “కాదన్నచో నొచ్చుకొనును” అని మనము చేయుదుము. ఆ సంతకము కారణముగా ఇల్లు వాకిలి పోగొట్టుకొన్నవారు మనలోనే కలరు. కావున పూచీ అనగా ఏమో చట్టదృష్టితోను, ధర్మదృష్టితోను విచారింతము.

1872 నాటి భారత కాంట్రాక్టు చట్టము 128వ సెక్షను ననుసరించి, పత్రములో వేరు నిబంధన లేనిచో, పూచీదారుని బాధ్యత అప్పు తీసికొన్నవాని బాధ్యతతో సమానము. “ముందు అతని ఆస్తి జప్తు చేయుడు, చాలనిచో నా యొద్దకు రండు” అనుటకు వీలులేదు. బ్యాంక్ ఆఫ్ బీహార్ వ్యాజ్యములో 1968లో సుప్రీంకోర్టు ఈ సంగతినే తేల్చి చెప్పినది. పూచీదారు మరణించినను, అప్పటికే ఏర్పడిన బాధ్యత ఆతడు విడిచిన ఆస్తిని వెంటాడును. వారసులు తమకు సంక్రమించిన ఆస్తి మేరకు చెల్లింపవలసివచ్చును.

చట్టము పూచీదారునికి కొంత రక్షణయు కల్పించినది. ఆతని సమ్మతి లేక ఋణపు షరతులు మార్చినచో, ఆ తరువాతి లావాదేవీలకు ఆతడు బాధ్యుడు కాడు. కాని ఈ హక్కును ముందే వదలుకొన్నట్లు పత్రములో వ్రాసియున్నచో అది దక్కకపోవచ్చును. న్యాయముగా చెల్లించిన సొమ్మును ఋణస్థుని నుండి రాబట్టుకొను హక్కు 145వ సెక్షను వలన కలదు. అయితే చేత చిల్లిగవ్వ లేనివాని నుండి ఏమి రాబట్టుకొందుము?

బసవేశ్వరుడు బిజ్జలుని భాండాగారమును నిర్వహించిన మహనీయుడు. రాజధనమును జంగములకు వ్యయపఱచెనని కొండెములు చెప్పగా, లెక్క చూచినప్పుడు ధనము తఱుగలేదని పాల్కురికి సోమనాథుని బసవపురాణము చెప్పుచున్నది. పరధనమునకు లెక్క చెప్పగలుగుట శరణుని లక్షణము.

కాయకముతో ఆర్జించినదానిలో నుండి సమర్పించునది దాసోహము. పూచీ అట్టిది కాదు. అది ఇంకను ఆర్జింపని ధనమును, భార్యాబిడ్డల కూటిని పణముగా నొడ్డుట. సాయపడదలచినచో చేతనైనంత సొమ్ము చేతికిండు. అది పోయినను ఇల్లు నిలుచును. పూచీ తప్పదన్నచో పత్రము చదివి, మొత్తమునకు పరిమితి వ్రాయించి, నకలు తీసికొని, ఇంటివారికి తెలిపి సంతకము చేయుడు. చేసిన పిదప మాట తప్పరాదు.

అప్పు తీసికొన్న సోదరులారా! మీ వాయిదా తప్పిననాడు నోటీసు మిమ్ము నమ్మినవాని గడపకును వచ్చును. బ్యాంకు బాకీ కన్న ఆ నమ్మకపు బాకీ పెద్దది. మఠములందలి పెద్దలు సైతము మొగమాటమున ఎవరిని పూచీకి ఒత్తిడి చేయకుందురు గాక!