వస్త్రములకు కావలియున్నవాడు

స్తెఫను మరణవృత్తాంతములో ఒక్క రాయియు విసరని యౌవనుడొకడున్నాడు. సాక్షులు తమ పైవస్త్రములను తీసి సౌలు అనువాని పాదములయొద్ద పెట్టిరని అపొస్తలుల కార్యములు 7వ అధ్యాయము తెలుపుచున్నది. అతని చేతికి ధూళియైనను అంటలేదు. బట్టలు పోకుండ చూచుటయే అతని పని. ఏ న్యాయస్థానములోనైనను అతనిపై హత్యానేరము మోపుట కష్టము. అయినను అనేక సంవత్సరములు గడచిన పిమ్మట యెరూషలేములో జనసమూహము ఎదుట తన జీవితకథను చెప్పుకొనునప్పుడు పౌలు ఆ దినమును దాటవేయలేదు. తాను సమ్మతించి దగ్గర నిలిచియుండుటను, చంపినవారి వస్త్రములకు కావలియుండుటను తన పాపముల లెక్కలోనే చేర్చెను. ఈ సంగతి 22వ అధ్యాయములో నున్నది.

ఒక కార్యము చెడ్డదని యెరిగియు, దానిని తన చేతులతో చేయక, దానికి అవసరమైన మరియొక పనిని దూరమునుండి చేసి జీతము పుచ్చుకొనువాడు ఎంతవరకు ఉత్తరవాది? ఈ పాత ప్రశ్న ఇప్పుడు క్రొత్త వేషముతో క్రైస్తవ గృహములలోనికి వచ్చినది. జూదపు కంపెనీలకు ఇంటినుండి పనిచేయు ఉద్యోగము ఆ వేషములలో నొకటి.

బ్రిటను దేశపు 2005 నాటి జూద చట్టము దూరస్థ జూదమును ప్రత్యేకముగా నిర్వచించినది. ఇంటర్నెట్టు, టెలిఫోను, టెలివిజను, రేడియో మొదలగు సాధనముల ద్వారా ఆడునది దూరస్థ జూదము. దానిని నడుపుటకు వేరుగా లైసెన్సు పొందవలెను. మాల్టా ద్వీపము అంతకు ముందు సంవత్సరమే ఇట్టి నిబంధనలను చేసికొనెను. జిబ్రాల్టరు అను చిన్న భూభాగమునకు ఈ వ్యాపారము ముఖ్యమైన జీవనాధారములలో నొకటి. అక్కడ పనిచేయువారిలో అనేకులు ప్రతి ఉదయమును స్పెయిను సరిహద్దు దాటి వచ్చువారే. 2020లో కోవిడ్ వ్యాధి వ్యాపించినప్పుడు ఈ కంపెనీల ఉద్యోగులు కంప్యూటర్లతో ఇండ్లకు చేరిరి. తరువాత అనేక చోట్ల వారములో కొన్ని దినములు ఆఫీసులోను, తక్కిన దినములు ఇంటిలోను పనిచేయు ఏర్పాటు స్థిరపడినది. ఆటగాడు అంతకుముందే దూరమైయుండెను. ఇప్పుడు పనివాడును దూరమాయెను.

ఈ వ్యాపారములో ఉద్యోగమనగా పాచికలు వేయుట కాదు. ఆటకు ప్రోగ్రాము వ్రాయువారు, పందెపు రేట్లు కట్టువారు, ఆటగాని సందేహములకు చాట్ ద్వారా జవాబిచ్చువారు, మోసములను కనిపెట్టువారు, జమాఖర్చులు వ్రాయువారు, ఇట్లు పనులు అనేకము. అనువాదకుని పని ఈ వరుసలో సామాన్యముగా ఎవరికిని తోచదు. కాని మొదటి డిపాజిట్టుపై బోనసు ఇచ్చెదమను ప్రకటనను ఒకడు స్థానిక భాషలోనికి మార్చనిదే, ఆ భాష మాత్రమే చదువగల పల్లెటూరివానికి ఆ వల చేరదు. తమ మాటలు నిర్దోషములని తలంచుట అనువాదకులకు చాల సులభము. లాట్వియా రాజధానియైన రీగాలో కెమెరాల ఎదుట నిలిచి పేకముక్కలు పంచువారున్నారు. బల్లయు చక్రమును స్టూడియోలో ఉన్నవి గనుక వారు మాత్రము ఇంటినుండి పనిచేయలేరు. అన్యదేశములలోని ఆటగాండ్రు వారి ముఖములను చూతురు. వారు ఆటగాండ్ర ముఖములను చూడరు.

ఇక్కడ ముఖమును గూర్చి కొంత ఆలోచింపవలెను. గోదావరి జిల్లాలలో సంక్రాంతి కోడిపందెముల బరివద్ద ఓడినవాని ముఖము అందరికిని కనబడును. ఎవడు పొలము తాకట్టు పెట్టెనో, ఎవని భార్య మెడలో పుస్తెలు లేవో ఊరంతయు ఎరుగును. ఆ ఎరుక పందెమును ఆపలేదు, నిజమే. కాని పందెము నడిపినవాడు తాను ఎరుగనని చెప్పుటకు వీలులేదు. ఇంటినుండి పనిచేయువాని తెరమీదనో ముఖము లేదు. ఒక ఖాతా సంఖ్య, దాని ప్రక్కన ఒక మొత్తము, అంతే.

అయినను కంపెనీకి తెలియనిదేమున్నది? ఆ ఖాతాదారుడు ఏ గంటకు ఆడెనో, పోయిన సొమ్మును రాబట్టుకొనుటకు ఎన్నిమారులు మరల డబ్బు కట్టెనో దానికి తెలియును. కోడిపందెపు బరి ఎరిగినదానికంటె అది ఎరిగినదే ఎక్కువ. దూరము ఒకవైపున మాత్రమే ఉన్నది. బ్రిటను ప్రభువుల సభ నియమించిన కమిటీ 2020లో ఒక నివేదికను వెలువరించినది. ఈ పరిశ్రమ లాభములలో 60 శాతము కేవలము 5 శాతము మంది వలన వచ్చుచున్నదనియు, ఆ 5 శాతము అప్పటికే జూదవ్యసనమున చిక్కినవారు, లేక చిక్కబోవు ప్రమాదమున నున్నవారు అనియు అందులో చెప్పబడినది. పండుగకొకమారు సరదాకు ఆడువాని చిల్లరతో ఈ మేడ నిలువలేదు. అమెరికా దేశపు మానవశాస్త్రజ్ఞురాలు నటాషా డౌ షూల్ లాస్ వేగాస్ జూదయంత్రములను గూర్చి 2012లో ప్రచురించిన గ్రంథమును చదివినవారికి మరియొక సంగతి తెలియును. బానిసయైనవాడు గెలుచుటకు ఆడడు. లోకమును మరచి యంత్రము ముందు కూర్చుండియుండుటకే ఆడును. అతడు అట్లు కూర్చుండియుండునట్లు యంత్రమును అమర్చువారు చదువుకొన్న ఇంజనీర్లు.

విజయవాడలోనో సికింద్రాబాదులోనో ఒక కుటుంబమును ఊహించుకొనవచ్చును. తండ్రి పదవీ విరమణ చేసిన ఉపాధ్యాయుడు. కుమారుడు ఇంజనీరు, బ్రిటనులోని ఒక జూదపు కంపెనీకి ప్రోగ్రాములు వ్రాయుచున్నాడు. ఇంటి అప్పు, చెల్లెలి పెండ్లి అప్పు అతని జీతమువలననే తీరుచున్నవి. బ్రిటనులో రాత్రి ఎనిమిది గంటలైనప్పుడు ఇక్కడ అర్ధరాత్రి దాటును గనుక కుటుంబ ప్రార్థన ముగిసిన బల్లమీదనే అతడు కంప్యూటరు తెరచును. పాటల పుస్తకము ప్రక్కకు జరుపబడును.

"ఇది జూదమే కదా, నాయనా?" అని తల్లి అడిగినది.

"నేను ఎవరిచేతను ఆడించుట లేదమ్మా. నేను వ్రాయునది లెక్క మాత్రమే" అని అతడు చెప్పెను.

అతడు అబద్ధమాడలేదు. అతనిని తొందరపడి ఖండించువారు అతని అప్పును తాము తీర్చుటకు సిద్ధముగా నున్నారా అని మొదట తమ్మును తాము అడుగుకొనవలెను. అయినను తల్లి ప్రశ్నకు జవాబు రాలేదు.

తెలుగువారికి ఈ జవాబు క్రొత్తది కాదు. భారతకథలో ధృతరాష్ట్రుడు జూదమునకై వేయి స్తంభముల సభను కట్టించెను. ఆ శిల్పులు స్తంభములు మాత్రమే చెక్కిరి. విదురుడు జూదము అనర్థమని యెరిగి, రాజునకు చెప్పి, చెప్పిన పిమ్మట ఆ రాజాజ్ఞచేతనే ధర్మరాజునకు ఆహ్వానమును తీసికొనిపోయెను. అతడు పోకున్న మరియొక దూత పోయియుండును. ఇందులో సందేహము లేదు. సౌలు లేకున్నను బట్టలకు కావలి కాయువాడు దొరికియుండును. మరియొకడు చేయునను వాదము జరుగబోవు ఫలితమును గూర్చి నిజము చెప్పవచ్చును. చేసినవాని లెక్కను గూర్చి అది ఏమియు చెప్పదు.

మరి పాపము చేయువారికి ఉపయోగపడు ప్రతి పనియు పాపమేనా? అట్లయినచో లోకమునుండి వెళ్లిపోవుటయే శరణ్యము. రెండవ రాజుల గ్రంథము 5వ అధ్యాయములో సిరియా సైన్యాధిపతియైన నయమాను కుష్ఠము పోయి, ఇక యెహోవాకే బలి అర్పింతునని తీర్మానించుకొనెను. కాని రాజు అతని చేతిమీద ఆనుకొని రిమ్మోను గుడిలో మ్రొక్కునప్పుడు అతడును వంగక తప్పదు. దానికి క్షమాపణ కలుగునా అని అతడు ముందుగానే అడిగెను. ఎలీషా అతనిని నెమ్మదిగలిగి పొమ్మనెను. ఈ వృత్తాంతమును అనేకులు తమకు అనుకూలముగా ఎత్తి చూపుదురు. నయమాను తన వంగుటకు క్షమాపణ అవసరమని తానే చెప్పెనను సంగతిని, దానివలన పొరుగువాని యింట అన్నము పోలేదను సంగతిని విడిచిపెట్టుదురు.

కాబట్టి పనికిని పనికిని భేదము చూడవలసియున్నది. ఏ కంపెనీకైనను ఒకే విధముగా పనికివచ్చు జీతముల లెక్క వ్రాయువాడొకడు. ఎక్కువగా ఓడిపోవువారిని పేరుపేరున పలుకరించి, బహుమానములు పంపి, మరల బల్లయొద్దకు తీసికొనివచ్చువాడు మరియొకడు. వీరిద్దరును ఒకే ఇంటిలో ఎదురెదురు గదులలో కూర్చున్నను వారి పని ఒకటి కాదు. ఆటను మానదలచినవాడు తన పేరు నమోదు చేసికొనినయెడల తనకు ఖాతా ఇయ్యకూడదను ఏర్పాటులో బ్రిటను లైసెన్సుగల ఆన్‌లైన్ కంపెనీలన్నియు చేరవలెనని 2020 మార్చి నెలాఖరునుండి నిర్బంధము కలదు. ఏప్రిల్ 14నుండి క్రెడిట్ కార్డుతో జూదమాడుట అక్కడ నిషేధింపబడినది. ఈ తలుపులను గట్టిగా మూయు ప్రోగ్రామును వ్రాయువాడు అదే కంపెనీలో నుండియు ఎవరి ఇంటినో కాపాడుచున్నాడు. ఆట యంత్రములో గెలుపు వెంట్రుకవాసిలో తప్పిపోయినట్లు కనబడు అమరికను వ్రాయువాని లెక్కయే లెక్కగా మిగిలిపోదు.

జాన్ వెస్లీ ధనవినియోగమును గూర్చి 1760లో ప్రచురించిన ప్రసంగములో, సంపాదింపుమని చెప్పుచునే, పొరుగువాని ఆస్తికి నష్టము కలిగించు సంపాదనను నిషేధించెను. అందులో జూదమును పేరెత్తి చెప్పెను. త్రాగువానిని మాత్రమే గాక సారాయి చేసి అమ్మువానినికూడ ఆయన నిలదీసెను. చీట్లు వేయుట బైబిలులో ఉన్నదికదా అను వాదము ఇక్కడ నిలువదు. మత్తీయ ఎన్నికలో ఎవని సొమ్మును పోలేదు.

చట్టము ఈ చిక్కును విప్పునని ఆశించువారున్నారు. సికింద్రాబాదులోని ఒక క్లబ్బు వ్యాజ్యములో రమ్మీ ప్రధానముగా నైపుణ్యపు ఆటయని సుప్రీంకోర్టు 1967లో తీర్పు చెప్పినది. డబ్బుపెట్టి ఆడు ఆన్‌లైన్ ఆటలను తెలంగాణ 2017లోను, ఆంధ్రప్రదేశ్ 2020లోను నిషేధించినవి. నైపుణ్యమా అదృష్టమా అను భేదము చూడక అట్టి ఆటలన్నిటిని, వాటి ప్రకటనలను, వాటికి సంబంధించిన చెల్లింపులను నిషేధించు బిల్లును పార్లమెంటు 2025 ఆగస్టులో ఆమోదింపగా ఆ నెల 22న రాష్ట్రపతి సమ్మతి లభించినది. అనేకుల ఉద్యోగములు పోయినవి. అయితే ఈ చట్టము కాపాడదలచినది ఈ దేశములోని ఆటగానిని. హైదరాబాదులో కూర్చుండి బ్రిటనులోనివాని కొరకు ఆటను తీర్చిదిద్దు ఉద్యోగి మనస్సాక్షికి అది జవాబు చెప్పదు. తన వీధిలోని పిల్లవానికి చేరకూడదని తాను సంతోషించు ఆట, మాంచెస్టరులోని పిల్లవానికి చేరవచ్చునా? పొరుగువాడెవడని అడిగిన ధర్మశాస్త్రోపదేశకునికి ప్రభువు చెప్పిన కథలో సమరయునికిని గాయపడినవానికిని మధ్య ఇంతకంటె పెద్ద సరిహద్దు ఉండెను.

ఇక సంఘము సంగతి. ఆ యౌవనుడు ప్రతి నెల దశమభాగము తెచ్చి ఇచ్చుచున్నాడు. కోశాధికారి రసీదు వ్రాసి ఇచ్చుచున్నాడు. యూదా పారవేసిన వెండిని కానుకపెట్టెలో వేయతగదని ప్రధానయాజకులు గుర్తించిరి. ఆ వెండిని ఇచ్చినది తామేయను సంగతి వారికి తోచలేదు. కానుకను తిరస్కరించి కానుక తెచ్చినవానిని ఒంటరిగా విడుచు సంఘము ఆ యాజకులకంటె మెరుగైనదని చెప్పుట కష్టము.

మూడవ శతాబ్దమున ఉత్తర ఆఫ్రికాలో ఇట్టి సమస్యయే వచ్చినది. కొంతకాలము ముందు కార్తేజివాడైన తెర్తుల్లియను, గుళ్లకు పోవు సాంబ్రాణిని అమ్మువానినికూడ విగ్రహారాధనలో పాలివానిగా ఎంచెను. జీవనోపాధి పోవునను సాకును ఆయన అంగీకరింపలేదు. ఆకలిగొన్నవానికి ఆ మాట న్యాయమే గాని అన్నము కాదు. తరువాత ఒక నాటకుడు క్రైస్తవుడై రంగస్థలమును విడిచెను. కాని ఆ విద్యను బాలురకు నేర్పి బ్రదుకుచుండెను. తాను వేదిక ఎక్కుట లేదు గనుక అతడు సహవాసములో ఉండవచ్చునా అని యూక్రాతియసు అను బిషప్పు కార్తేజి బిషప్పైన కుప్రియానునకు వ్రాసెను. ఉండరాదని కుప్రియాను జవాబు వ్రాసెను. తాను మానిన దానిని ఇతరులకు నేర్పుట మానుట కాదనెను. లేఖ అక్కడితో ముగియలేదు. ఆ మనుష్యుడు బీదరికమును చెప్పుకొనినయెడల సంఘము పోషించువారిలో అతనిని చేర్చి, సామాన్యమైన ఆహారముతో తృప్తిపడునట్లు చేయుమని వ్రాసెను. మీ సంఘమునకు ఆ శక్తి లేనియెడల అతనిని మాయొద్దకు పంపుడి, అతనికి కావలసిన అన్నవస్త్రములను ఇక్కడ మేమిత్తుము అని ఆ భావముతో లేఖను ముగించెను.